మాయ గుట్టు విప్పడానికి కోతి ఎందుకు?

కాన్పు అయ్యాక మాయ పూర్తిగా పడిందా లేదా అన్నదే అందరూ చూస్తారు. పడితే హమ్మయ్య అనుకుని పారేస్తారు. కడుపులో ఉన్నన్నాళ్లూ బిడ్డకు ఊపిరీ తిండీ అందించిన ఆ అవయవం డాక్టర్ చేతికి వచ్చేసరికి దాని పని అయిపోయి ఉంటుంది. అది పని చేస్తుండగా లోపల ఏం జరుగుతోందో తెలుసుకోవాలంటే గర్భిణుల మీద ప్రయోగాలు చేయలేరు. ఎలుకకు, కుందేలుకు నెలసరి రాదు, వాటి మాయ లోపలి అమరికా వేరు. అందుకే పరిశోధకుల చూపు కోతి మీద పడింది.

1925లో అమెరికాలోని బాల్టిమోర్‌లో, కార్నెగీ సంస్థ పిండశాస్త్ర విభాగంలో కార్ల్ హార్ట్‌మన్ రీసస్ కోతులను పెంచడం మొదలుపెట్టారు. రీసస్ అంటే ఉత్తర భారతంలో గుళ్ల దగ్గర, రైల్వే స్టేషన్లలో తిరిగే ఎర్రమూతి కోతే. దానికీ సుమారు 28 రోజులకోసారి నెలసరి వస్తుంది. గర్భం దాదాపు 165 రోజులు. హార్ట్‌మన్ పద్ధతి వినడానికి ఎబ్బెట్టుగా ఉంటుంది గానీ పని జరిగింది దానితోనే. మలద్వారం గుండా వేలితో అండాశయాన్ని తడిమి, అండం ఏ రోజు విడుదలైందో పసిగట్టేవారు. ఆ రోజు తెలిస్తే పిండం వయసు లెక్క కచ్చితంగా దొరుకుతుంది. 1941లో చెస్టర్ హ్యూజర్, జార్జ్ స్ట్రీటర్ రీసస్ పిండం ఎదిగే తీరును ఆ లెక్క ప్రకారమే వివరించారు.

మాయ విషయంలో అసలు మలుపు ఎలిజబెత్ రామ్సేది. 1934లో అదే విభాగంలో చేరిన ఆమె, తర్వాత రేడియాలజిస్టు మార్టిన్ డోనర్‌తో కలిసి గర్భంతో ఉన్న కోతుల రక్తనాళాల్లోకి ఎక్స్‌రేలో కనిపించే ద్రవం ఎక్కించి, అది మాయలోకి వెళ్లే తీరును వరస చిత్రాలుగా తీశారు. తల్లి రక్తం మెలికల ధమనుల నుంచి చిమ్ముకుంటూ వచ్చి, మాయలోని వేళ్లలాంటి కొసల చుట్టూ పరుచుకోవడం కనిపించింది. ఆ ధమనులన్నీ ఒకేసారి చిమ్మవు. కాసేపు ఇది, కాసేపు అది. గర్భసంచి బిగుసుకున్నప్పుడు ఆ రాక తగ్గిపోతుంది కూడా. నొప్పుల సమయంలో బిడ్డ గుండె చప్పుడు మీద ఎందుకు కన్నేసి ఉంచాలో ఆ చిత్రాలు చూస్తే తేలిగ్గా అర్థమవుతుంది.

అయితే కోతి మాయ అచ్చం మనిషి మాయ కాదు. మనిషికి సాధారణంగా ఒకే బిళ్ల, రీసస్‌కు ఎక్కువగా రెండు బిళ్లలు, వాటిని కలుపుతూ రక్తనాళాలు. మనిషి పిండం గర్భసంచి పొరలోకి పూర్తిగా దిగిపోతుంది, రీసస్ పిండం పైపైనే అతుక్కుంటుంది. మాయ కణాలు తల్లి కండరంలోకి చొచ్చుకుపోయే లోతూ కోతిలో తక్కువ. ప్రెగ్నెన్సీ కిట్‌లో రెండో గీత తెప్పించే హార్మోన్ లాంటిదే రీసస్‌లోనూ ఉంది గానీ, మొదటి కొన్ని వారాలే కనిపించి పోతుంది. మనిషిలో కాన్పు దాకా ఉంటుంది. బీపీ పెరిగి తల్లీబిడ్డల ప్రాణం మీదకు తెచ్చే ప్రీఎక్లాంప్సియా, మాయ కణాలు సరిగ్గా లోతుకు దిగకపోవడంతో ముడిపడిన జబ్బు. అది కోతుల్లో సహజంగా రావడం బహు అరుదు. మాకు అన్నిటికన్నా జవాబు కావాల్సిన చోటే కోతి మొహం చాటేసిందని ప్రసూతి శాస్త్రవేత్తలు వాపోతే తప్పుపట్టలేం.

హార్మోన్ల విషయంలో మాత్రం కోతి బాగా పనికొచ్చింది. మెదడు నుంచి వచ్చే జీఎన్‌ఆర్‌హెచ్ అనే హార్మోన్ గంటకోసారి విడతగా అందితేనే అండాశయాన్ని నడిపే హార్మోన్లు విడుదలవుతాయని, అదే ఆగకుండా ఎక్కిస్తే అవి పడిపోతాయని 1978లో ఎర్న్‌స్ట్ క్నోబిల్ బృందం రీసస్‌లో చూపించింది. ఐవీఎఫ్‌కు వెళ్లినవాళ్లకు తెలిసిన లూప్రోలైడ్ ఇంజెక్షన్ పనిచేసే సూత్రం ఇదే. మన దగ్గర బెంగళూరు ఐఐఎస్‌సీలో ఎన్.ఆర్. మౌద్గల్ బృందం దక్షిణాది బానెట్ కోతుల మీద పునరుత్పత్తి హార్మోన్లను పరిశోధించింది. తెలుగు నేల మీద గోదావరికి దక్షిణాన ఎక్కువగా కనిపించేవి ఈ బానెట్ కోతులే, ఈమధ్య రీసస్‌లు కిందికి జరుగుతున్నా.

ఇంతకీ అమెరికాకు అన్ని కోతులు ఎక్కడివి? మనవే. 1938లో క్లారెన్స్ కార్పెంటర్ భారత్ నుంచి సుమారు 400 రీసస్‌లను ఓడలో తీసుకెళ్లి ప్యూర్టోరికో పక్కన కాయో సాంటియాగో దీవిలో వదిలారు. వాటి సంతతి ఇప్పటికీ అక్కడ ఉంది. పోలియో టీకాకు కోతి మూత్రపిండాల కణాలు కావాల్సి రావడంతో 1950ల చివర్లో ఎగుమతి ఏటా లక్ష దాటింది. వైద్య అవసరాలకే వాడాలన్నది ఒప్పందం. అమెరికా సైన్యం వాటిపై రేడియేషన్ ప్రయోగాలు చేస్తోందని బయటపడటంతో మొరార్జీ దేశాయ్ ప్రభుత్వం 1978 ఏప్రిల్ 1 నుంచి ఎగుమతి ఆపేసింది.

దాంతో అమెరికాలోని ప్రైమేట్ (కోతి జాతుల) పరిశోధన కేంద్రాలకు కోతులను అక్కడే పుట్టించుకోక తప్పలేదు. కోతి ఎప్పుడు గర్భం దాలుస్తుంది, గర్భం ఎందుకు పోతుంది, పిల్ల ఎందుకు దక్కదు అన్నవి అక్కడి కోతుల కాలనీ నిలవాలంటే తేలాల్సిన ప్రశ్నలయ్యాయి. 1995లో విస్కాన్సిన్‌లో జేమ్స్ థామ్సన్ రీసస్ పిండ మూలకణాలను, అంటే ఒంట్లో ఏ రకం కణంగానైనా మారగల కణాలను, వేరుచేసింది ఇలాంటి కేంద్రంలోనే. మూడేళ్లకు అదే పని మానవ కణాలతో చేశారు.

కడుపులోని బిడ్డకు హాని చేసే జికా వైరస్ వచ్చినప్పుడు ఈ కాలనీలే అక్కరకొచ్చాయి. గర్భం తొలి దశలో వైరస్ సోకిన కోతుల్లో 26 శాతానికి పిండం కడుపులోనే పోయిందని అనేక కేంద్రాల ఉమ్మడి అధ్యయనం 2018లో తేల్చింది. తల్లికి పైకి పెద్దగా లక్షణాలు లేకపోయినా ఇలా జరిగింది. అదే ఏడాది మానవ మాయ కణాల నుంచి మాయ బుల్లి నమూనాలను ల్యాబ్‌లోనే పెంచగలిగారు. వాటిలో తల్లి గుండె నుంచి వచ్చే రక్త ప్రవాహం మాత్రం ఉండదు. ఇక కోతుల కొరత తీరలేదు. 2020లో చైనా కూడా ఎగుమతి ఆపేసింది. అమెరికా కేంద్రాల్లో నేటికీ ‘భారతీయ మూలం’ అని రాసుకునే రీసస్‌లలో ఎక్కువ భాగం, 1978కి ముందు ఇక్కడి నుంచి వెళ్లినవాటి సంతానమే.