యార్క్‌టౌన్ తండ్రి, వెర్తియేర్ కొడుకు

హైతీ నుంచి 1825లో ఫ్రాన్స్ రాబట్టిన పరిహారాన్ని పరిశీలించడానికి ఇరుదేశాల చరిత్రకారులతో సంఘం వేస్తామని 2025 ఏప్రిల్ 17న అధ్యక్షుడు మాక్రాన్ ప్రకటించడంతో పాత లెక్క మళ్లీ బయటికి వచ్చింది. అందులో రోషాంబో ఇంటి పద్దు కూడా ఉంది.

వాండోమ్ ప్రాంతపు ఈ సైనిక కుటుంబంలో పెద్దాయన కథ తెలిసిందే. తండ్రి రోషాంబో అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో, 1781లో యార్క్‌టౌన్ దగ్గర జార్జ్ వాషింగ్టన్‌తో కలిసి బ్రిటిష్ సేనను లొంగదీశాడు. అమెరికా రాజధానిలో ఆయన విగ్రహం ఉంది. ఆ దండులో కొడుకు దొనాసియెన్ కూడా ఉన్నాడన్నది ఎవరూ పెద్దగా తలచుకోరు. నేటి వివాదానికి మూలం మాత్రం ఆ కొడుకు దగ్గరే ఉంది.

నాటి ఫ్రెంచి వలస సాన్-దొమాంగే నేటి హైతీ. ఫ్రాన్స్ 1794లో రద్దు చేసిన బానిసత్వాన్ని 1802లో నెపోలియన్ తిరిగి నిలబెట్టాడు. కరీబియన్‌లోని మరో ఫ్రెంచి వలస గ్వాదెలూప్‌లో మళ్లీ సంకెళ్లు పడ్డాయన్న కబురు అందగానే, అంతవరకు ఫ్రెంచి సేనలో ఉన్న నల్లజాతి అధికారులు ఎదురు తిరిగారు. నవంబర్ 2న ఫ్రెంచి సేనాని లెక్లెర్ పచ్చజ్వరంతో చనిపోయాడు. పగ్గాలు కొడుకు రోషాంబో చేతికి వచ్చాయి. తిరుగుబాటుదారుల మీదికి ఉసిగొల్పడానికి క్యూబా నుంచి కుక్కలను తెప్పించాడు. వాటిని కొనడానికి వెళ్లినవాడు నొవాయ్ ప్రభువు. యార్క్‌టౌన్‌లో లొంగుబాటు షరతులు మాట్లాడిన ఫ్రెంచి ప్రతినిధి ఆయనే!

తమను ఓడించింది జ్వరమేనని ఫ్రెంచివారు చెప్పుకున్నారు. జ్వరం వేలమందిని మింగిన మాట నిజమే. హైతీవాసులు చెప్పేది 1803 నవంబర్ 18 సంగతి. వెర్తియేర్ కోట మీదికి దండు నడుపుతున్న తిరుగుబాటు అధికారి కపువా గుర్రం గుండు తగిలి కూలింది. అతను లేచి, కత్తి దూసి, ముందుకే నడిచాడు. రోషాంబో కాల్పులు ఆపించి, ఆ ధైర్యానికి అభినందనలు చెప్పమని దూతను పంపాడట. మర్నాడు తిరుగుబాటు సేనాధిపతి దెసలీన్‌తో లొంగుబాటు ఒప్పందం కుదిరింది. ద్వీపం వదిలిన రోషాంబోను సముద్రం మీదే బ్రిటిష్ వారు పట్టుకున్నారు.

1804 జనవరి 1న హైతీ స్వతంత్రమైంది. 1825లో ఫ్రాన్స్ రాజు పదవ చార్లెస్ యుద్ధనౌకలను పంపి, గుర్తింపు కావాలంటే తోటల పాత యజమానులకు 15 కోట్ల ఫ్రాంకులు చెల్లించమన్నాడు. 1838లో దాన్ని 9 కోట్లకు తగ్గించారు. గెలిచినవాడు ఓడినవాడికి కప్పం కట్టడమన్నమాట. తొలి వాయిదా కోసం హైతీ పారిస్‌లోనే 3 కోట్లు అప్పు చేసింది. చేతికందింది 2.4 కోట్లు.