సెప్టిమస్ అంటే ఏడోవాడేనా? ఓ లాటిన్ టీచర్ అపోహలు – వాస్తవాలు

నేను లాటిన్ చెప్తాను. ఈ మాట మా చుట్టాల్లో ఇప్పటికీ ఎవరూ నమ్మరు, చచ్చిపోయిన భాష కదా ఎవడు నేర్చుకుంటాడు నీ దగ్గర అంటారు. కుర్రతనంలో సెమినరీలో నాలుగేళ్ళు ఉన్నాను, ఫాదర్ని అవ్వలేదు గానీ లాటిన్ మాత్రం మిగిలింది, ఇప్పుడు ఆన్‌లైన్‌లో అమెరికా స్కూల్ పిల్లలకి చెప్తుంటాను, అందులో మన తెలుగు పిల్లలూ ఉన్నారు. పాఠాలతో పాటు ఈ మధ్య ఇంకో పని కూడా మెడకి చుట్టుకుంది, అదేంటంటే పేర్లు. బిడ్డ పుట్టబోతోంది సర్, ఈ లాటిన్ పేరు బాగుందా, దీని అర్థం ఏంటి అని మెసేజ్‌లు.

మొన్నీమధ్య ఒక జంట అడిగిన పేరు సెప్టిమస్. పిల్లాడు రథసప్తమి రోజు పుట్టాడు, వాళ్ళకి మొదటి సంతానం. సప్తమి, సెప్టిమస్, సౌండ్ కలిసింది కదా సర్, కానీ పేర్ల సైట్లన్నీ ఏడో కొడుకు అంటున్నాయి, మొదటి వాడికి పెడితే నవ్వుతారేమో అని వాళ్ళ భయం. వాళ్ళకి చెప్పిందంతా కలిపి ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: రోమ్‌లో ఏడో కొడుక్కి సెప్టిమస్ అని పెట్టేవాళ్ళు.

పదానికి అర్థం ఏడవవాడు, అందులో డౌట్ లేదు. సెప్టెమ్ అంటే ఏడు, సెప్టిముస్ (సెప్టిమస్‌కి లాటిన్ పలుకుబడి) అంటే ఏడవ. కానీ పదానికి ఉన్న అర్థం వేరు, ఆ పేరు పెట్టుకున్న మనిషి కథ వేరు, ఇక్కడే అందరూ బోల్తా పడతారు. రోమన్లకి అంకెల పేర్లు ఉన్నాయి, క్వింటుస్ అంటే ఐదోవాడు, సెక్స్టుస్ అంటే ఆరోవాడు, డెకిముస్ అంటే పదోవాడు, ఇవి బాగా వాడుకలో ఉన్న పేర్లు. మరి పెట్టుకున్నవాళ్ళని చూడండి. సిసెరో అనే పెద్ద వక్త ఉన్నాడు కదా, ఆయన తమ్ముడి పేరు క్వింటుస్. ఐదోవాడా? కాదు, ఇద్దరే అన్నదమ్ములు, ఈయన రెండోవాడు. పైగా ఆ క్వింటుస్ తన కొడుక్కి కూడా క్వింటుస్ అనే పెట్టాడు. పాంపే అనే సేనాధిపతి రెండో కొడుకు పేరు సెక్స్టుస్. అంటే మనకి చరిత్రలో కనిపించే కాలానికే ఈ పేర్లలో లెక్క పోయింది, తాత పేరు మనవడికి పెట్టినట్టు పెట్టుకుంటూ పోయారంతే. మన ఊళ్ళల్లో పెంటయ్య, పుల్లయ్య అని పేర్లుండేవి, పుట్టిన బిడ్డలు దక్కకపోతే తర్వాత పుట్టినవాడికి దిష్టి తగలకుండా అలా పెట్టేవాళ్ళు, కానీ ఆ పెంటయ్య మనవడికి తాత పేరు పెట్టినప్పుడు ఇంట్లో అందరూ బతికే ఉన్నారు కదా, అలాగన్నమాట.

ఇంకో తమాషా. రోమ్ మగపిల్లల మామూలు పేర్లలో ఐదు, ఆరు, పది కనిపిస్తాయి గానీ ఒకటి, రెండు, మూడు, నాలుగు దాదాపు కనిపించవు. పిల్లల వరస నంబరే అయితే ఒకటీ రెండూ ఎక్కువ ఉండాలి కదా, ఐదోవాడు పుట్టాలంటే ముందు నలుగురు పుట్టాలి. దీనికి కొందరు పండితులు చెప్పేది ఏంటంటే అవి పిల్లల నంబర్లు కాదు, నెలల నంబర్లు అని. పాత రోమన్ క్యాలెండర్ మార్చితో మొదలయ్యేది, మొదటి నాలుగు నెలలకి మామూలు పేర్లు, ఐదో నెల క్వింటిలిస్, ఆరోది సెక్స్టిలిస్, ఏడోది సెప్టెంబర్, అలా డిసెంబర్ దాకా అంకెలే. క్వింటిలిస్ నెల క్రీ.పూ. 44లో జూలియస్ సీజర్ పేరు మీద జులై అయింది, సెక్స్టిలిస్ క్రీ.పూ. 8లో ఆగస్టు అయింది. అంటే క్వింటుస్ ఐదో నెలలో పుట్టినవాడు అన్నమాట. మొదటి నాలుగు నెలలకి అంకె లేదు కాబట్టి ఆ అంకెల పేర్లూ లేవు. ఇది కచ్చితంగా రుజువైందని చెప్పను, కానీ నాకు మాత్రం ఐదో కొడుకు కథ కంటే ఇదే నమ్మబుద్ధేస్తుంది.

నిజంగా నంబర్లు వేసింది ఎవరికో తెలుసా, ఆడపిల్లలకి. రోమ్‌లో ఆడపిల్లకి విడిగా పేరు పెట్టడం తక్కువ, ఇంటిపేరునే ఆడరూపం చేసి పిలిచేవాళ్ళు. జూలియుస్ ఇంటి పిల్ల జూలియా, తుల్లియుస్ ఇంటి పిల్ల తుల్లియా. మరి ఇద్దరు ముగ్గురు పుడితే? సీజర్ని పొడిచిన బ్రూటస్‌కి తల్లి వైపు చెల్లెళ్ళు ముగ్గురు, యూనియా ప్రీమా, యూనియా సెకుందా, యూనియా టెర్షియా. అంటే ఒకటో యూనియా, రెండో యూనియా, మూడో యూనియా. మనింట్లో పెద్దది, నడిపిది, చిన్నది అంటామే అలా, కాకపోతే మనం పిలవడానికి మాత్రమే అంటాం, పేరు వేరే ఉంటుంది.

అపోహ: సెప్టిమస్ రోమ్‌లో చాలా కామన్ పేరు, ఒక చక్రవర్తి పేరు కూడా.

రెండూ కాదు. మగవాళ్ళకి పెట్టే మొదటి పేర్లు రోమ్‌లో చాలా తక్కువ, రిపబ్లిక్ అంటే చక్రవర్తులు రాకముందు కాలం, దాని చివరి రోజులకి మామూలు వాడుకలో ఉన్నవి ఓ 18 దాకా, అందులో సెప్టిముస్ లేదు. అక్కడక్కడా అరుదుగా తగులుతుంది. ఇక చక్రవర్తి పూర్తి పేరు లూకియుస్ సెప్టిమియుస్ సెవెరుస్. మధ్యలో ఆ ‘యు’ చూడండి, సెప్టిముస్ కాదు, సెప్టిమియుస్. అది ఆయన ఇంటిపేరు. ఆయన సొంత పేరు లూకియుస్.

మన తెలుగువాళ్ళకి ఇది ఒక్క నిమిషంలో అర్థమవుతుంది గానీ అమెరికన్ పిల్లలకి చెప్పాలంటే నాకు ఒక క్లాసు పడుతుంది. రోమన్ పేరులో సొంత పేరు ముందు, ఇంటిపేరు తర్వాత, ఆ తర్వాత ఒక తోక. మనకి ఇంటిపేరు ముందు, సొంత పేరు తర్వాత, అంతే తేడా. ఆ తోక చాలాసార్లు తాతలెవరికో పెట్టిన నిక్‌నేమ్, సిసెరో అనే మాట శనగ అనే మాటలోంచి వచ్చింది, స్ట్రాబో అంటే మెల్లకన్ను. మనకి మిరియాల, అల్లం, వంకాయల అని ఇంటిపేర్లు లేవా, నవ్వడానికేం లేదు. ఎప్పుడో బాగా పాతకాలంలో సెప్టిముస్ అనే పేరున్న పెద్దాయన ఉండి ఉంటే ఆయన సంతతి సెప్టిమియుస్‌లు అయ్యారు, సెక్స్టుస్ నుంచి సెక్స్టియుస్ అయినట్టే. సొంత పేరు వాడుకలోంచి పోయింది, ఇంటిపేరు బతికింది.

ఆ చక్రవర్తి రోమ్‌లో పుట్టినవాడు కూడా కాదు. క్రీ.శ. 145లో ఇప్పటి లిబియాలో ఉన్న లెప్టిస్ మాగ్నాలో పుట్టాడు, 193లో గద్దెనెక్కాడు, 211లో ఇంగ్లండ్‌లోని యార్క్‌లో పోయాడు. తండ్రి పేరు పబ్లియుస్ సెప్టిమియుస్ గెటా, ఒక కొడుక్కి తాత పేరు మొత్తం దింపేశారు, పబ్లియుస్ సెప్టిమియుస్ గెటా అనే. ఆ తర్వాత సిరియా ఎడారిలో పల్మైరాని ఏలిన జెనోబియా రాణి కూడా సెప్టిమియా జెనోబియా. ఆవిడ ఎవరికీ ఏడో సంతానమని కాదు, రోమ్ పౌరులైన కుటుంబం అన్న గుర్తు అది.

తర్వాత అగస్టస్ చక్రవర్తి అయిన ఆక్టేవియన్ గురించి కూడా ఇదే గొడవ, ఎనిమిదోవాడు అని రాసేస్తారు. మనకేమో అష్టమ గర్భం అనగానే కృష్ణుడు గుర్తొచ్చేస్తాడు కాబట్టి ఇంకా తొందరగా నమ్మేస్తాం. ఆయన ఇంటిపేరు ఆక్టావియుస్, తండ్రికి ఒక్కడే కొడుకు, అక్కలిద్దరి పేరూ ఆక్టావియానే. ఎనిమిది ఎక్కడా లేదు.

అపోహ: అసలు ఏడో కొడుకు అనే వాడుకే అబద్ధం.

పై రెండూ చదివి ఇలా అనేసుకోకండి. ఆ వాడుక ఉంది, కానీ రోమన్లది కాదు, ఇంగ్లీషువాళ్ళది. 18, 19 శతాబ్దాల్లో చదువుకున్న ఇంగ్లీషు కుటుంబాల్లో లాటిన్ మోజు, ఇంటినిండా పిల్లలు, రెండూ కలిశాయి. కవి టెనిసన్ తమ్ముడొకడి పేరు సెప్టిమస్, 1815లో పుట్టాడు, నిజంగా ఏడో కొడుకే. అయితే ఆ లెక్క కుదరాలంటే అందరికంటే ముందు పుట్టి పసితనంలోనే పోయిన పెద్దబ్బాయిని కూడా కలపాలి, వాళ్ళు కలిపారు. ఆ సంగతి మొదటిసారి చదివినప్పుడు నాకు పేరు కంటే ఆ లెక్కే ఎక్కువసేపు మనసులో తిరిగింది. రాజుగారు మూడో జార్జికి 15 మంది పిల్లలు, ఏడో కొడుక్కి ఏమో అడాల్ఫస్ అని పెట్టి ఎనిమిదోవాడికి ఆక్టేవియస్ అని పెట్టారు, ఆ పిల్లాడు 1783లో నాలుగేళ్ళకే పోయాడు. ఏడో కొడుక్కి పుట్టిన ఏడో కొడుకు చేతిలో మహత్తు ఉంటుంది, రోగాలు నయం చేస్తాడు అనేది కూడా బ్రిటన్, ఐర్లండ్ వైపు జనం నమ్మకం, రోమ్‌కి అంటగట్టకండి.

అపోహ: సెప్టిమస్ మన సప్తమ నుంచే వెళ్ళింది, లాటిన్ సంస్కృతం నుంచి పుట్టింది.

వాట్సాప్‌లో నెలకోసారైనా వస్తుంది ఇది, మా బాబాయి కూడా పంపాడు. పోలిక నిజమే, సప్తమః, సెప్టిముస్, చివరి విసర్గ దగ్గర ఆ ‘ఉస్’ తో సహా సరిపోతుంది. కానీ తల్లీ బిడ్డా కాదు, పెద్దమ్మ చిన్నమ్మ పిల్లలు. 1786లో కలకత్తాలో విలియం జోన్స్ అనే జడ్జి చెప్పింది కూడా ఇదే, సంస్కృతం, గ్రీకు, లాటిన్ మూడూ ఇప్పుడు లేని ఏదో ఒక భాష నుంచి వచ్చి ఉండాలని. ఎలా తెలుస్తుందంటే, లాటిన్‌లో ఏడుకి సెప్టెమ్ అని ఎ, ఎనిమిదికి ఒక్టో అని ఒ, ఆ అచ్చులు గ్రీకులో కూడా అవే చోట్ల ఉంటాయి, హెప్టా, ఒక్టో అని. సంస్కృతంలో సప్త, అష్ట, రెండు చోట్లా అ. అంటే సంస్కృతంలో ఎ, ఒ, అ మూడూ కలిసిపోయి ఒకే అ అయ్యాయి. లాటిన్ సంస్కృతం నుంచి వస్తే ఏ అ ని ఎ చెయ్యాలో ఏ అ ని ఒ చెయ్యాలో ఎవరు చెప్పారు వాళ్ళకి, అది కూడా గ్రీకువాళ్ళతో సరిగ్గా సరిపోయేటట్టు? మా బాబాయికి ఇది పంపితే థంబ్సప్ పెట్టి మళ్ళీ అదే ఫార్వర్డ్ ఇంకో గ్రూపులో వేశాడు.

ఇదే కుటుంబంలో పర్షియన్ కూడా ఉంది, అక్కడ ఏడు అంటే హఫ్త్. అందులోంచి ఏడు రోజులు అంటే వారం, హఫ్తా, హైదరాబాద్‌లో రోజూ వినే మాటే. రౌడీ వసూలు చేసే హఫ్తా, సెప్టిమస్, సప్తమి, సెప్టెంబర్, నలుగురూ కజిన్స్.

ఈ కుటుంబంలో లేనిది ఎవరంటే మన ఏడు. తెలుగు ఏడు, కన్నడ ఏళు, ఇవి వేరే ఇంటివి. 1816లో మద్రాసులో ఎల్లిస్ అనే కలెక్టర్, క్యాంప్‌బెల్ రాసిన తెలుగు వ్యాకరణానికి ముందుమాటలో ఈ సంగతి వివరంగా రాశాడు, తెలుగు తమిళం కన్నడం ఒక ఇంటి భాషలు, సంస్కృతం మాటలు వీటిలోకి అరువొచ్చాయి తప్ప మూలం వేరు అని. సెప్టిమస్‌కి మన వైపు చుట్టరికం అంటే ఆ అరువొచ్చిన సప్తమితోనే, ఏడుతో కాదు.

అపోహ: సెప్టిక్ ట్యాంక్ గుర్తొస్తుంది సర్, రెండూ ఒకటేనా?

కాదండీ బాబూ. సెప్టిక్, సెప్సిస్ గ్రీకు మాటలు, కుళ్ళడం అనే క్రియలోంచి వచ్చాయి. ముక్కు మధ్య గోడని డాక్టర్లు సెప్టమ్ అంటారు, అది లాటిన్‌లో కంచె అనే మాట, దానికీ ఏడుకీ సంబంధం లేదు. అయితే స్కూల్లో పిల్లలు ఎటిమాలజీ, అంటే మాట పుట్టుక, చూసి ఏడిపించరు, ఏడిపించాలనుకుంటే ఏడిపిస్తారు, అది మీరు ఆలోచించుకోండి అని ఆ జంటకి కూడా చెప్పాను.

అర్థం ‘అదృష్టవంతుడు’ అని రాసిన సైట్లు కూడా చూశాను. ఏడు లక్కీ నంబర్ కాబట్టి అనుకుంటా. మన న్యూమరాలజీ వాళ్ళేమో ఏడుకి కేతువు అంటారు. రెండిట్లో ఏదీ లాటిన్ కాదు.

క్రిస్టియన్ పేరేనా అని ఇంకొందరు అడుగుతారు. ఈ పేరుతో, దీని చుట్టం సెప్టిమియుస్ పేరుతో కూడా సెయింట్స్ ఉన్నారు, ఇటలీలో యేసి అనే ఊరి పాలక సెయింట్ సెట్టిమియో. 483లో కార్తేజ్‌లో చంపబడిన ఏడుగురు సన్యాసుల్లో ఒకాయన సెప్టిమస్, ఏడుగురిలో ఏడోవాడని పెట్టారేమో అనుకుంటారు గానీ చర్చి లిస్టులో ఆయన పేరు ఆరోది. కానీ పేరు పుట్టింది చర్చికంటే చాలా ముందు, అంకె మాటకి మతమేంటి. ఇటలీలో అయితే ఊళ్ళకి కూడా ఉంది, టురిన్ పక్కన సెట్టిమో టొరినేసే, రోమన్ రోడ్డు మీద ఏడో మైలురాయి దగ్గర ఉన్న ఊరని ఆ పేరు.

చివర్లో ‘అస్’ తగిలిస్తే లాటిన్ అయిపోదు, మగవాళ్ళ పేర్లన్నీ ‘అస్’ తోనే అవ్వాలనీ లేదు. సుల్లా, అగ్రిప్పా, నెర్వా అందరూ మగవాళ్ళే. కన్ఫ్యూషియస్‌లో ‘అస్’ ఉంది గానీ అది క్రైస్తవ మిషనరీలు చైనా పేరుకి తగిలించిన తోక. ఆ ఉస్ అనేది మన రాముడులో డు లాంటిది, కర్తగా ఉన్నప్పుడే ఉంటుంది, సెప్టిముస్ వచ్చాడు, సెప్టిమీ ఇల్లు. రాముడు వచ్చాడు, రాముని ఇల్లు. పిలిచేటప్పుడు కూడా మారుతుంది, లాటిన్‌లో పిలవాలంటే సెప్టిమే అనాలి.

ఆ జంట చివరికి అదే పేరు పెట్టారు. క్వింటుస్ కథ నాన్నకి బాగా నచ్చింది, ఎవరైనా ఏడోవాడా అని అడిగితే అది చెప్తాడట. నాయనమ్మ మాత్రం వీడియో కాల్‌లో రాముడుని రామా అన్నట్టు ఒరేయ్ సెప్టిమా, ఇలా చూడరా అని పిలుస్తోంది. తెలుగు ప్రకారం ఆవిడ కరెక్ట్, కానీ లాటిన్‌లో సెప్టిమా అంటే ఆడపిల్ల. నేను ఆవిడకి చెప్పలేదు.