మిద్దె తోట - శ్లాబ్ బరువు: అపోహలు, వాస్తవాలు

అపోహ: "వెయ్యి లీటర్ల ట్యాంకును మోస్తోంది, నాలుగు మొక్కల్ని మోయదా?"

గుంటూరులో ఏ డాబా ఎక్కినా ముందు వినిపించే మాట ఇదే. మొక్కల బరువెంతండీ, అసలు బరువు మట్టిది. అదీ వానకు నానిన మట్టిది. అడుగు పొడవు, అడుగు వెడల్పు, అడుగు లోతు మట్టి బాగా తడిస్తే 50 కేజీలు దాటుతుంది. అంటే ఒక సిమెంటు బస్తా! పదడుగులకు పదడుగుల మడి కడితే నూరు బస్తాలు పేర్చి అలాగే వదిలేసినట్టే. మనుషులు తిరిగే డాబాకు ఐఎస్ 875 (కట్టడాల బరువుల లెక్కకు భారతీయ ప్రమాణం) రెండో భాగం ప్రకారం మా ఇంజినీర్లు వేసుకునే లైవ్ లోడ్, అంటే మనుషులు, సామాన్ల లాంటి వచ్చిపోయే బరువు, చదరపు మీటరుకు 150 కేజీలు. చదరపు అడుగుకు 14. మూడంగుళాల తడిమట్టికే అది సరి. ఇక ట్యాంకంటారా, పద్ధతిగా కట్టిన ఇంట్లో దాన్ని పిల్లర్ల మీదో బీముల మీదో కూర్చోబెడతారు, శ్లాబ్ నడిమధ్య కాదు.

అపోహ: "రెండేళ్లయింది, ఏమీ కాలేదుగా!"

దిగని బరువు కింద కాంక్రీటు ఏళ్ల తరబడి కొద్దికొద్దిగా వంగుతూనే ఉంటుంది. దీన్ని క్రీప్ అంటాం. గుంటూరు బ్రాడీపేటలో ఒక ఇంట్లో పైన ఆకుకూరల మడులు, కింద పదహారడుగుల హాల్. రెండు గోడల దగ్గరా సీలింగ్‌కు అంగుళం కిందగా దారం బిగించి కట్టాం. మధ్యలో సీలింగే వచ్చి దారాన్ని తాకింది. ఆ ఇంటి పెద్దాయన చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. మట్టి మొత్తం దింపించేదాకా నాకూ టెన్షనే. మట్టి దించినా ఆ వంపు పూర్తిగా పోదు.

అపోహ: "బరువైన కుండీలు బాల్కనీ అంచున పెడితే శ్లాబ్‌కు ఇబ్బంది ఉండదు."

ఇది అన్నిటికంటే ప్రమాదం. బాల్కనీకి, సన్‌షేడ్‌కు ఒకవైపే పట్టు. దాని బలమంతా పైభాగంలోని ఊచలది. కాంక్రీటు పోసే రోజు ఎవరైనా తొక్కి అవి కిందికి దిగితే బయటికి కనబడదు కూడా. దయచేసి అక్కడ పెట్టకండి.

అపోహ: "వాటర్‌ప్రూఫింగ్ చేయించాం, ఇక దిగులు లేదు."

చేయించాక 48 గంటలు నీళ్లు నిలబెట్టి చూశారా? పైగా అది తడిని ఆపుతుందే కానీ బరువును తగ్గించదు. నీరు పోయే గొట్టం నోట్లో ఆకులు అడ్డుపడితే నాలుగంగుళాల నీరే చదరపు మీటరుకు మరో 100 కేజీలు. 2024 ఆగస్టు చివర, సెప్టెంబరు మొదట్లో బెజవాడలో కురిసిన వాన గుర్తుంది కదా.

పాత ఇల్లయితే కుండీలు బీముల వెంబడి పెట్టండి, మట్టి తగ్గించి కోకోపీట్ (కొబ్బరి పొట్టు) ఎక్కువ కలపండి. కొత్తగా కట్టుకుంటుంటే తోట సంగతి, మడి లోతుతో సహా, డ్రాయింగ్ గీసేముందే ఇంజినీరుకు చెప్పండి.