కక్ష్యలు కాసేవాళ్ల మీద అపోహలు - వాస్తవాలు

ఏం పని చేస్తుంటారని ఎవరైనా అడిగితే, గ్రహాలూ ఉపగ్రహాలూ కక్ష్య తప్పకుండా చూస్తుంటామని చెబుతాం. వెంటనే ఎదుటివాళ్ల చూపు మా భుజాల మీదికి పోతుంది, ఎన్ని కండలున్నాయోనని. ఒక్కటీ ఉండదు. పద్దులు రాసి రాసి పట్టేసిన మెడలు మాత్రం మా సంఘంలో ఎన్నైనా దొరుకుతాయి. పాతికేళ్లుగా విన్న ప్రశ్నలే మళ్లీ మళ్లీ వింటున్నాను కాబట్టి కొన్నింటికి ఇక్కడే జవాబు చెప్పేస్తాను.

అపోహ: గ్రహాలు ఆగిపోకుండా మీరు వెనక నుంచి తోస్తుంటారు.

ఎద్దులు ఆగితే బండి ఆగుతుంది, నేల రాపిడి ఉంది గనక. శూన్యంలో రాపిడి ఎక్కడిది? భూమి సెకనుకు దాదాపు 30 కిలోమీటర్ల వేగంతో పోతోంది. ఆ వేగం పుట్టుకతో వచ్చింది, దాన్ని ఎవరూ నిలబెట్టనక్కర్లేదు. సూర్యుడు చేసేదల్లా దారిని వంచడమే. వడిసెల తిప్పిన వాళ్లకి ఇది విడమర్చి చెప్పక్కర్లేదు.

అపోహ: మీరు లేకపోతే అంతా చెదిరిపోతుందని న్యూటన్ అంతటివాడే అన్నాడు.

మా పేరెత్తలేదు గానీ, ఇంచుమించు అలాంటి మాటే అన్నాడు. గ్రహాలు ఒకదాన్నొకటి లాక్కోవడం వల్ల క్రమం మెల్లగా చెడుతుందని, దేవుడు మధ్య మధ్యలో సరిదిద్దాల్సి వస్తుందని ఆయన నమ్మకం. అంటే ఆ దేవుడు తన గడియారానికి అప్పుడప్పుడూ కీ ఇచ్చుకోవాలన్నమాట అని 1715లో జర్మన్ తత్వవేత్త లైబ్నిజ్ వెక్కిరించాడు. న్యూటన్ భయం మరీ ఉత్తదేం కాదు. బృహస్పతి వేగం పుంజుకుంటున్నట్టు, శని నెమ్మదిస్తున్నట్టు పాత లెక్కల్లో నిజంగానే కనిపించేది. బృహస్పతి అయిదు చుట్లు తిరిగేసరికి శని ఇంచుమించు రెండు చుట్లు తిరుగుతుంది. అందువల్ల ఆ లాగులాట పేరుకుంటూ పోయి, మళ్లీ వెనక్కి మళ్లుతుంది. ఆ రాకపోకకు సుమారు 900 ఏళ్లు పడుతుందని 1785లో ఫ్రెంచి గణితవేత్త లాప్లాస్ తేల్చాడు. చెదిరిపోతున్నట్టు కనిపించింది నిజానికి ఊయల. ఆ లెక్క తేలాక మా సంఘంలో సగం పోస్టులు ఎందుకున్నాయో చెప్పడం కష్టమైంది. ఆ సంగతి బయటివాళ్లకు చెప్పం.

అపోహ: వెనకబడ్డ ఉపగ్రహాన్ని ముందుకు తోస్తే సరి.

ఇందులో నేనూ బోల్తా పడ్డాను, కాబట్టి కాస్త ఎక్కువ రాస్తాను.

కక్ష్యలో ఉన్న వస్తువుని ముందుకు తోశారనుకోండి. అది పై కక్ష్యకు ఎక్కుతుంది. పై కక్ష్యలో దారి పొడుగు, వేగం తక్కువ. ఫలితంగా ఇంకా వెనకబడుతుంది! ముందున్నదాన్ని అందుకోవాలంటే బ్రేకు వేసి కిందికి దిగాలి. 1965 జూన్‌లో జెమిని 4 వ్యోమనౌకలో వ్యోమగామి మెక్‌డివిట్ తన ముందు తేలుతున్న రాకెట్ భాగం దగ్గరికి వెళ్లాలని దానివైపే ఇంజను మండించాడు. ఎంత తోస్తే అది అంత దూరం జరిగింది. ఇంధనం బోలెడు ఖర్చయ్యాక ప్రయత్నం మానుకున్నారు.

నా సంగతికొస్తే, శిష్యరికం రోజుల్లో నన్ను శని విభాగంలో వేశారు. అక్కడ జేనస్, ఎపిమీథియస్ అని రెండు చిన్న చందమామలు. ఒకటి అడ్డంగా 180 కిలోమీటర్లు ఉంటుంది, రెండోది 115 చిల్లర. వాటి కక్ష్యల మధ్య ఎడం మాత్రం 50 కిలోమీటర్లే! లోపలిది కాస్త వేగంగా తిరుగుతూ బయటిదాన్ని తరుముకొస్తుంది. ఆ రాత్రి కాపలా నాది. గుద్దుకుంటాయని హడలిపోయి మీట మీద చెయ్యి వేశాను. వెనక నుంచి మా మేస్త్రి మెల్లగా, "చెయ్యి తియ్యరా, వాటికి తెలుసు" అన్నాడు.

నిజంగానే తెలుసు. దగ్గరికొచ్చేకొద్దీ బయటిది లోపలిదాన్ని ముందుకు లాగుతుంది. అది పైకెక్కి నెమ్మదిస్తుంది. లోపలిది బయటిదాన్ని వెనక్కి లాగుతుంది. అది కిందికి దిగి వేగం పుంజుకుంటుంది. ఇంకా వేల కిలోమీటర్ల దూరం ఉండగానే దారులు మార్చుకుని విడిపోతాయి. నాలుగేళ్లకోసారి ఇదే తంతు. నేను మీట నొక్కి ఉంటే ఏమయ్యేదో ఇప్పటికీ తలుచుకోను. మా వృత్తిలో మొదట నేర్పేదీ, చివరిదాకా అబ్బనిదీ చేతులు కట్టుకు కూర్చోవడం.

అపోహ: ఒకసారి కక్ష్యలో పెట్టేస్తే ఇక చూడక్కర్లేదు.

ఇంతసేపు చెప్పినదాన్ని పట్టుకుని కొత్తవాళ్లు ఈ గోతిలో పడతారు. 1972 ఏప్రిల్‌లో అపోలో 16 మనుషులు చంద్రుడి చుట్టూ ఒక చిన్న ఉపగ్రహాన్ని వదిలారు. 35 రోజులకే అది నేలకూలింది. చంద్రుడి నల్లమచ్చల కింద బరువైన ముద్దలున్నాయి. వాటి మీదుగా పోయిన ప్రతిసారీ దారి కొంచెం వంగుతుంది. కక్ష్య చంద్రుడి మధ్యరేఖకు ఎంత వంగి ఉందో దాన్ని వాలు అంటాం. చంద్రుడికి దగ్గరగా ఎక్కువ కాలం నిలకడగా ఉండే వాలులు నాలుగే: 27, 50, 76, 86 డిగ్రీల దరిదాపుల్లో.

అపోహ: గ్రహాలన్నీ ఒక వరసలోకి వస్తే మీకు ఊపిరాడదు.

ఆ రోజు మేం సెలవు పెడతాం. అన్ని గ్రహాలూ కలిసి భూమి మీద లేపే పోటు చందమామ లేపే పోటులో పదివేలవ వంతు కూడా ఉండదు.

అపోహ: మనుషులు కక్ష్యలు మార్చలేరు.

2022 సెప్టెంబరు 26న డార్ట్ అనే నౌక వెళ్లి, ఒక గ్రహశకలం చుట్టూ తిరిగే చిన్న శకలం డైమార్ఫస్‌ని గుద్దింది. 11 గంటల 55 నిమిషాల చుట్టు అరగంటకు పైగా తగ్గిపోయింది. మమ్మల్ని ఒక మాట అడిగి ఉంటే బాగుండేది.

అపోహ: చందమామ దూరం జరుగుతోందంటే మీరు నిద్రపోతున్నట్టే.

ఏడాదికి 3.8 సెంటీమీటర్లు జరుగుతున్న మాట నిజమే. 1969 నుంచి అక్కడ పెట్టి వచ్చిన అద్దాల మీదికి లేజర్ కొట్టి మరీ కొలుస్తున్నారు, దాచేదేం లేదు. కానీ అది పోయిన సొమ్ము కాదు, ఖాతా మారిన సొమ్ము. భూమి తన చుట్టూ తాను చకచకా తిరుగుతూ సముద్రపు పోటుని చందమామకన్నా కొంచెం ముందుకు ఈడ్చుకుపోతుంది. ఆ ఉబ్బు చందమామను ముందుకు లాగుతుంది, చందమామ పైకెక్కుతుంది. భూమి పద్దులో అంత ఖర్చు పడి, రోజు నిడివి వందేళ్లకు సుమారు 2 మిల్లీసెకన్లు పెరుగుతుంది. రెండు పద్దులూ సరిపోతే సంతకం పెట్టి మూసేస్తాం.

అంగారకుడి దగ్గర ఇదే లెక్క తిరగబడుతుంది. అంగారకుడు ఒకసారి తిరగడానికి ఇరవై నాలుగున్నర గంటలు దాటుతుంది. దాని చందమామ ఫోబోస్ ఏడు గంటల నలభై నిమిషాల్లోనే చుట్టి వచ్చేస్తుంది. అంగారకుడి మీది ఉబ్బు వెనకబడి ఫోబోస్‌ని వెనక్కి లాగుతుంది, అది ఏడాదికి సుమారు రెండు సెంటీమీటర్లు కిందికి దిగుతోంది. మూడు నుంచి అయిదు కోట్ల ఏళ్లలో ముక్కలవుతుంది, లేదా నేల మీద పడుతుంది. ఆ విభాగానికి దరఖాస్తు పెట్టేవాళ్లకి ముందే చెబుతున్నాం, అది పర్మనెంటు పోస్టు కాదు.