బెజ్జం లేని బెజవాడ, బెల్లం లేని బెల్లంకొండ: పేర్ల మీద అపోహలు – వాస్తవాలు

ఏం పని చేస్తారని ఎవరైనా అడిగితే "ఊళ్ల పేర్లు చదువుతాను" అంటాను. బస్సు బోర్డులు చదివినందుకు కూడా జీతం ఇస్తారా అని మా బావమరిది ఇప్పటికీ ఏడిపిస్తాడు. క్లాసులో చెప్పేది తెలుగు పాఠమే. కానీ ఇరవై ఏళ్లుగా సెలవు దొరికితే చాలు, కృష్ణకు ఆ ఒడ్డూ ఈ ఒడ్డూ తిరుగుతూ కొండల పేర్లు, ఊళ్ల పేర్లు, ఇంటిపేర్లు రాసుకుంటున్నాను. ఒక పేరు దొరికితే చూడాల్సినవి నాలుగు. శాసనంలో ఎలా ఉంది, రెవెన్యూ పటంలో ఎలా ఉంది, ఊళ్లో పెద్దవాళ్లు ఎలా పలుకుతారు, అక్కడి నేల ఎలా ఉంది. ఈ నాలుగూ వదిలేసి చాలామంది కథ దగ్గరే ఆగిపోతారు. కథలంటే నాకూ ఇష్టమే. ఒక్కటే చిక్కు, పేరు పుట్టి వందల ఏళ్లు గడిచాక కథ వచ్చి "నేనే దీని తల్లిని" అంటుంది.

నన్ను తరచూ అడిగేవాటిలో కొన్ని ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: కృష్ణ కొండకు బెజ్జం పెట్టుకుని పారింది, అందుకే బెజ్జంవాడ, అదే బెజవాడ.

ప్రకాశం బ్యారేజి మీద ఆటో ఎక్కితే ఈ కథ ఉచితం. డ్రైవర్ ఒక చేత్తో ఇంద్రకీలాద్రిని, ఇంకో చేత్తో సీతానగరం కొండను చూపిస్తాడు (స్టీరింగ్ సంగతి దేవుడెరుగు). రెండూ ఒకప్పుడు ఒకటే కొండ అట, నదికి దారి కోసం బెజ్జం వేశారట.

ఆ బెజ్జం వెడల్పు ఎంతో తెలుసా? అక్కడ కట్టిన బ్యారేజి పొడవు 1,223 మీటర్లు. సూదిబెజ్జం, ముక్కుబెజ్జం అనే జాతికి కిలోమీటరు పైచిలుకు బెజ్జం ఏం బెజ్జం! నది రెండు కొండల మధ్య సందులోంచి సాగిపోతుంది. 1855లో పాత ఆనకట్ట, 1957లో ఇప్పటి బ్యారేజి అక్కడే కట్టడానికి కారణం కూడా ఆ సందే. రెండు చివర్లా గట్టి రాయి దొరుకుతుంది.

నేల సంగతి అలా ఉంచి, మాట చూద్దాం. పదో శతాబ్దంలో తూర్పు చాళుక్య రాజు యుద్ధమల్లుడు వేయించిన శాసనం బెజవాడలోనే ఉంది. తెలుగులో, అదీ మధ్యాక్కర పద్యాల్లో ఉంటుంది. అందులో "పరగంగ బెజవాడ" అని కనిపిస్తుంది. ఒకే జ, పక్కన సున్నా లేదు. వెయ్యేళ్ల క్రితమే రాతి మీద "బెజవాడ" అని స్థిరపడిన పేరులో బెజ్జాన్ని దూర్చింది తర్వాతి వాళ్ల చెవులు.

దీనికి ఒక తమ్ముడు కూడా ఉన్నాడు. ఎండలకు తట్టుకోలేక తెల్లదొరలు "బ్లేజ్‌వాడ" అన్నారట, అదే బెజవాడ అయిందట! మే నెల మధ్యాహ్నం బస్టాండులో నిలబడితే నాకూ నమ్మాలనిపిస్తుంది. దొరలు ఓడ దిగడానికి ఆరేడు వందల ఏళ్ల ముందే ఊరికి ఆ పేరు ఉంది మరి.

అపోహ: ఇంద్రకీలాద్రి అన్న పేరు మొదటినుంచీ ఈ కొండదే.

ఇది జాగ్రత్తగా చెప్పాల్సిన మాట. మహాభారతం అరణ్యపర్వంలో అర్జునుడు హిమవంతం, గంధమాదనం దాటి ఇంద్రకీలం చేరతాడు. అంటే కావ్యంలోని ఇంద్రకీలం ఉత్తరాన, మంచుకొండల దగ్గర ఉంది. ఆ పేరు, దాంతోపాటు అర్జునుడి తపస్సు, ఈ కొండకు వచ్చి స్థిరపడ్డాయి. పేర్లు ప్రయాణం చేస్తాయి, అందులో వింతేమీ లేదు. అమ్మవారికి దండం పెట్టుకునే వాళ్లకు దీనివల్ల తగ్గేదీ లేదు. నేనూ దసరాకి క్యూలో నిలబడేవాణ్ణే.

అన్నట్టు, "ఇంద్రకీలాద్రి కొండ" అని బ్యానర్లు వేసేవారికి ఒక మనవి. అద్రి అన్నా కొండే. మీరు కొండకొండ అంటున్నారు. "తిరుమల కొండ" కూడా అంతే, మల అంటే పాత మాటల్లో కొండ. నల్లమలలో ఉన్నదీ ఆ మలే.

అపోహ: సంస్కృత పేరే అసలు పేరు. తెలుగు పేరు దాని పలుకు చెడిన రూపం.

గుంటూరులో ఎవరిని అడిగినా "అసలు పేరు గర్తపురి సార్" అని గర్వంగా చెబుతారు. గర్త అంటే గుంట, పురి అంటే ఊరు. గుంట, ఊరు కలిస్తే గుంటూరు. ఏది దేనికి అనువాదమో మీరే చెప్పండి. మొదట నీళ్లగుంట పక్కన గుడిసెలు వేసుకున్నవాళ్లు "గర్త" అనుకుని ఉంటారా? గర్తపురి నోళ్లలో అరిగితే ఏదైనా రావచ్చు గానీ గుంటూరు రాదు. గ నుంచి గు, ర్త నుంచి ంట పుట్టే దారి తెలుగులో లేదు. పండితుడు పద్యంలో ఇమడ్చడానికి గుంటూరును సంస్కృతంలోకి మార్చుకున్నాడు, అంతే. ఓరుగల్లుదీ ఇదే కథ. ఓరు అంటే ఒకటి, కల్లు అంటే రాయి. దానికి అనువాదం ఏకశిలానగరం. ఆ కల్లు అనే పాత మాట మన వాడుకలోంచి పోయింది, రాయి మిగిలింది. మంగళగిరి పక్కన కురగల్లు లాంటి ఊళ్ల పేర్ల చివర మాత్రం ఇంకా అంటుకుని ఉంది.

ఇందులో నాకు బాగా ఇష్టమైనది వినుకొండ. రాముడు సీతాపహరణం వార్త విన్న కొండ కాబట్టి వినుకొండ అని ఊళ్లో చెబుతారు. వినడం అనే క్రియ ముందు తగిలించి కొండకు పేరు పెట్టడం మన అలవాటు కాదు. చూడుకొండ, నడుకొండ, తినుకొండ ఎక్కడైనా ఉన్నాయా? కొండకు ముందు రంగో, ఆకారమో, చెట్టో, మనిషో, దేవుడో వస్తారు. నల్లగొండ, గొల్లకొండ, పెనుకొండ చూడండి. మరి విను ఏమిటి? పాత తెలుగులో విను, విన్ను అంటే ఆకాశం. "వినువీధి" అని ఇప్పటికీ రాస్తున్నాం కదా. నా లెక్కలో వినుకొండ అంటే ఆకాశాన్ని అంటే కొండ. ఒక సాయంత్రం చుట్టూ చదునుగా ఉన్న చేలల్లోంచి బస్సులో వస్తూ దాన్ని చూశాను. ఉన్నట్టుండి బోడిరాయి నిటారుగా లేచి నిలబడింది, వెనక ఆకాశం తప్ప ఏమీ లేదు. నిఘంటువు తెరవక ముందే సగం నమ్మేశాను.

ఈ కొండ అంతటితో ఆగలేదు. అయిదో శతాబ్దం నుంచి తెలుగునేలను ఏలిన విష్ణుకుండినుల వంశం పేరు ఈ వినుకొండకు సంస్కృత రూపమని జర్మన్ శాసన పండితుడు కీల్‌హార్న్ ఏనాడో సూచించాడు, చరిత్రకారులు చాలామంది ఒప్పుకున్నారు. విను విష్ణు అయ్యాడు, కొండ కుండి అయింది. ఒక రాతిగుట్ట పేరు రాజుల ఇంటిపేరైంది.

అపోహ: బెల్లంకొండలో బెల్లం, కోటప్పకొండలో కోట.

బెల్లంకొండను పాత గెజెటీర్లు గుహల కొండ అని వివరించాయి. అంటే బిలం కొండ. పల్నాడు సున్నపురాయి నేలలో బిలాలకు కొదవ లేదు, గుత్తికొండ బిలం చూసినవారికి చెప్పక్కర్లేదు. బి కాస్తా బె అయ్యాక జనం నోరు తీపి వైపు తిరిగింది. వింతేమిటంటే నిజంగా బెల్లం ఖర్చయ్యే కొండ మంగళగిరి. అక్కడ నరసింహస్వామి నోట్లో రోజూ పానకం పోస్తారు. ఆ కొండ పేరులో మాత్రం బెల్లం లేదు.

కోటప్పకొండ దగ్గర నేనే బోల్తా పడ్డాను. పని మొదలుపెట్టిన కొత్తలో ఒక చిన్న వ్యాసంలో "ఒకప్పుడు ఇక్కడ కోట ఉండి ఉండాలి" అని ధీమాగా రాశాను. తర్వాత తిరునాళ్లకు వెళ్లినప్పుడు మరమరాలు అమ్మే ఒక పెద్దావిడను "కోట ఎటు వైపు ఉండేది అమ్మా" అని అడిగాను. ఆవిడ కాటా ఆపి నన్ను పైనుంచి కిందకి చూసింది. "కోటేంది బాబూ, కోటయ్య గందా! త్రికోటేశ్వరుడు. మూడు శిఖరాలు నీ కళ్లబడలా?" తలెత్తి చూశాను. నరసరావుపేట వైపు నుంచి మూడూ వరసగా కనబడుతూనే ఉన్నాయి. కూటం అంటే శిఖరం. త్రికూటం మీది స్వామి త్రికూటేశ్వరుడు, జనం నోట త్రికోటేశ్వరుడు, ముద్దుగా కోటయ్య, కోటప్ప. ఆ వ్యాసం ఇప్పటికీ ఎక్కడో ఉంది. దయచేసి వెతక్కండి.

అపోహ: మంగళగిరి కొండ అగ్నిపర్వతం. పానకం పోస్తే లోపలి గంధకం చల్లబడుతుంది.

చదువుకున్నవాళ్లే ఎక్కువగా చెప్పే కథ ఇది. భక్తికి సైన్సు సర్టిఫికెట్ ఉండాలన్న ఆత్రం. తూర్పు కనుమల ఈ కొసలో ఉన్న కొండలు ఖోండలైటు, చార్నొకైటు వంటి రూపాంతర శిలలు. భూమి లోతుల్లో వేడికీ ఒత్తిడికీ ఉడికి, వంద కోట్ల ఏళ్లు దాటినవి. లావా కక్కిన కొండలు కావు, గంధకం మరిగే ప్రసక్తే లేదు. స్వామి సగం పానకం తాగి సగం ప్రసాదంగా వదులుతాడని నమ్మేవాళ్లు హాయిగా నమ్మొచ్చు, మధ్యలో అగ్నిపర్వతం ఎందుకు?

ఆ రాళ్ల పేర్లలోనూ తమాషా ఉంది. ఒడిశా కొండల్లోని ఖోండు గిరిజనుల పేరు మీద ఖోండలైటు వచ్చింది. కలకత్తాలో ఈస్టిండియా కంపెనీ దొర జాబ్ చార్నాక్ సమాధి రాయి వల్ల చార్నొకైటు వచ్చింది. మా కొండపల్లి కొండల్లో ఉన్న రాయికి కలకత్తా గోరీలో పడుకున్న దొర పేరు!

అపోహ: తూర్పు కనుమలు అంటే తూర్పు కొండలు.

కనుమ అంటే కొండల మధ్య దారి. ఘాట్ అన్న మాటకూ కొండదారి అనే అర్థం ఉంది. దారి పేరే కొండల వరసకు పెట్టేశాం.

అపోహ: దిబ్బ, దిన్నె, లంక అని ఉంటే వెనక పురాణమో, మట్టి గుట్టో ఉంటుంది.

పద్దెనిమిదో శతాబ్దం చివర కంపెనీ సర్వేయరు కర్నల్ మెకంజీ అమరావతి వచ్చినప్పుడు ఊళ్లోవాళ్లు ఒక మట్టిగుట్టను దీపాలదిన్నె అంటున్నారు. ఆ దిన్నె అమరావతి మహాస్తూపం. పేరులో దిన్నె ఉన్నంత మాత్రాన అది ప్రకృతి పేర్చింది కానక్కర్లేదు. పొలాల మధ్య ఒంటరి దిబ్బ కనిపిస్తే మాలాంటివాళ్లం ముందు ఇటుక ముక్కల కోసం వెతుకుతాం.

లంకకైతే రావణుడితో పని లేదు. ఏటి మధ్య తేలిన మెరక లంక. కొల్లూరు వైపు పెసర్లంక, పోతార్లంక వెళ్లి చూడండి, వరదొస్తే పేరు తనంతట తానే అర్థమవుతుంది.

బెజవాడ పక్కనున్న యనమలకుదురు వేయి మునుల కుదురు అన్న కథా ఉంది. వేయి మునులు అరిగి యనమల కావడం కష్టం. ఎనుము అంటే గేదె. నా మొగ్గు గేదెల వైపే. ఈ మాట ఆ ఊళ్లో అన్నందుకు నాకు టీ ఇవ్వలేదు.

అపోహ: కొండల పేర్లు ఊళ్లకే, మనుషులకు అరుదు.

మా క్లాసులో ఏడుకొండలు అనే కుర్రాడు ఉండేవాడు. ఇంజినీరింగులో చేరాక పేరు మార్చుకుంటానని అఫిడవిట్ కాగితాలతో వచ్చాడు. "ఫ్రెండ్స్ సెవెన్ హిల్స్ అని పిలుస్తున్నారు మాస్టారూ, టెన్షన్‌గా ఉంది." ఏం పెట్టుకుంటావురా అంటే "వెంకట్" అన్నాడు. నవ్వు ఆపుకోలేకపోయాను. వేంకటం అన్నదీ కొండ పేరే. సంగం కాలపు తమిళ కవులకు అది తమిళదేశపు ఉత్తరపు పొలిమేర. "వేం అంటే పాపాలు, కట అంటే కాల్చేది" అన్న వివరణ తర్వాత అల్లింది. వెంకటేశ్వర్లు, వెంకట్రావు, వెంకయ్య, వెంకమ్మ, వెంకాయమ్మ, శేషగిరి, తిరుమలరావు, కొండయ్య, కొండమ్మ... మన రేషన్ కార్డుల నిండా కొండలే. మా వైపు కోటేశ్వరరావులు ఇంతమంది ఉండటానికి కారణం కోటి రూపాయల మీద ఆశ కాదు, కోటప్పకొండ మొక్కు. కుర్రాడు కాగితాలు మడిచి బ్యాగులో పెట్టుకున్నాడు. మార్చుకున్నాడో లేదో మళ్లీ అడగలేదు.

అపోహ: నాగార్జునకొండకు ఆచార్య నాగార్జునుడి కాలం నుంచీ అదే పేరు.

అక్కడ దొరికిన ఇక్ష్వాకుల శాసనాల్లో ఊరు విజయపురి, కొండ శ్రీపర్వతం. నాగార్జునుడి పేరు తర్వాతి సంప్రదాయం కలిపింది. సాగర్ డ్యాము కట్టినప్పుడు లోయ అంతా నీళ్ల కిందకి పోయింది. తవ్వి తీసిన కట్టడాల్లో కొన్నిటిని పైకి తెచ్చి పేర్చారు. కొండ నెత్తి మాత్రం నీళ్ల పైన మిగిలింది. మూడో శతాబ్దపు రాజధాని పేరు ఇప్పుడు మాచర్ల నుంచి వెళ్లే బస్సు బోర్డు మీద "విజయపురి సౌత్" అయి తిరుగుతోంది. అక్కడ లాంచీ ఎక్కి నాగార్జునకొండకు పోతాం. దిగాక కొండేది అని పిల్లలు అడుగుతారు. మనం నిలబడ్డది దాని శిఖరం మీదే.