‘ఏమో అత్తా’: ఒక జవాబు వెనక నూటయాభై ఏళ్లు

పదో తరగతి ఫలితాలు వచ్చిన మర్నాడు పేపర్లో ఏటా కనిపించే శీర్షిక ఒకటుంది: ‘బాలికలదే పైచేయి’. తిరుపతిలో ఏ వీధి మొగదల చూసినా రెండు జడల పిల్లల ఫొటోలతో ఫ్లెక్సీలు వెలుస్తాయి. అలాంటి రోజుల్లోనే చంద్రగిరి పక్క పల్లెలో ఉండే మా తమ్ముడింటికి వెళ్లాను. వాడి కూతురు పదో తరగతికి వచ్చింది. క్లాసులో ఎప్పుడూ మొదటి ముగ్గురిలో ఉంటుంది. “తర్వాత ఏం చదవాలనుందమ్మే?” అన్నాను. చిక్కుడుకాయ ఈనె తీస్తూ, తల ఎత్తకుండా, “ఏమో అత్తా. ఇంట్లో ఎట్ల చెప్తే అట్ల” అంది.

ఎనిమిదేళ్లప్పుడు ఇదే పిల్ల చింతచెట్టు కొమ్మ మీద కూర్చుని “కొండకు పోయే బస్సు తోల్తా” అని అరిచేది. ఘాట్ రోడ్డు మలుపులన్నీ నోటితో హారన్ కొట్టి చూపించేది. ఆ మాట ఎక్కడ పోయింది? నాకు నిద్ర పట్టనివ్వని ప్రశ్న ఇదే. దీని మీద పరిశోధన చేసినవాళ్లు ఉన్నారు. కానీ ఇక్కడిదాకా రావడానికి చాలా కాలం పట్టింది.

మొదట్లో వాదన అంతా ఆడపిల్లకు చదువు అసలు ఒంటికి పడుతుందా అన్నదాని చుట్టూ తిరిగింది. 1873లో హార్వర్డ్‌లో వైద్యం బోధించిన ఎడ్వర్డ్ క్లార్క్, బహిష్టు వయసులో మెదడుకు పని పెడితే గర్భాశయం దెబ్బతింటుందని పుస్తకం రాశాడు. దానికి జవాబు చెప్పింది మేరీ పట్నం జకోబీ అనే వైద్యురాలు. ఆడవాళ్లనే అడిగి, వాళ్ల నాడి, రక్తపోటు కొలిచి, ఆ రోజుల్లో విశ్రాంతి తప్పనిసరి అనడానికి ఆధారం లేదని తేల్చింది. ఆ వ్యాసానికి 1876లో హార్వర్డ్ బహుమతే వచ్చింది. 1914లో లీటా హాలింగ్‌వర్త్ కొలంబియాలో ఇంకో అడుగు వేసింది. నెల పొడుగునా ఆడవాళ్లకు పరీక్షలు పెట్టి, బహిష్టు రోజుల్లో బుద్ధి మందగించడం లేదని చూపించింది.

క్లార్క్ పుస్తకం వచ్చిన మరుసటి ఏడాది, 1874లో, మన దగ్గర కందుకూరి వీరేశలింగం ధవళేశ్వరంలో బాలికల పాఠశాల తెరిచారు. ఆయన్ని ఎదిరించినవాళ్లకు గర్భాశయం ఊసు అక్కర్లేదు, ‘చదివితే చెడిపోతారు’ అన్న మాట చాలు. చదువుల సంగతి చూడమని బ్రిటిష్ ప్రభుత్వం వేసిన 1882 నాటి హంటర్ కమిషన్ ఆడపిల్లల చదువుకు సర్కారు డబ్బు ఇవ్వమని సిఫారసు చేసింది, మంచిదే. కానీ వాళ్ల పాఠాలు మగపిల్లల కంటే తేలికగా, ఇంటి పనికి పనికొచ్చేలా ఉండాలని కూడా చెప్పింది. ఈ రెండో మాట బాగా నాటుకుంది. మన బళ్లలో అమ్మాయిలకు కుట్లు, అల్లికలు, వంట అనే ఆలోచన వేళ్లు అక్కడున్నాయి. దాన్ని గట్టిగా కాదన్నది 1962 నాటి హంసా మెహతా కమిటీ: పాఠ్యాంశాలు పిల్లల శక్తిని, ఆసక్తిని బట్టి ఉండాలి, ఆడా మగా అని విడదీయక్కర్లేదు అంది. ఎనభై ఏళ్లు పట్టింది ఒక్క వాక్యం తిరగరాయడానికి.

ఈ కథలో మన జిల్లాకూ ఒక అధ్యాయం ఉంది, అది మనకు పెద్దగా గుర్తులేదు. అప్పటి చిత్తూరు జిల్లా మదనపల్లెలో దివ్యజ్ఞాన సమాజం వాళ్ల కాలేజీకి ఐర్లాండ్ నుంచి జేమ్స్ కజిన్స్ వచ్చారు. ఆయన భార్య మార్గరెట్ కజిన్స్. 1919లో రవీంద్రుడు అక్కడ ఉన్నప్పుడు ‘జనగణమన’కు స్వరం రాసిపెట్టింది ఆవిడే అని చాలామందికి తెలుసు. ఆవిడే మదనపల్లెలో ఆడవాళ్లను కూడగట్టి ‘అబలా అభివర్ధినీ సమాజం’ నడిపిందన్నది తెలిసినవాళ్లు తక్కువ. సంఘం పెట్టుకుని కూడా తమను ‘అబల’లనే పిలుచుకోవాల్సి వచ్చిన రోజులవి. 1917లో మద్రాసు అడయారులో మహిళా భారత సంఘం మొదలుపెట్టిన వాళ్లలోనూ ఆమె ఉంది. 1927 జనవరిలో పూనాలో జరిగిన అఖిల భారత మహిళా సభ కూడా ఆమె పంపిన పిలుపు మీదే నడిచింది. ఆ మొదటి సభకు విషయం ఒక్కటే, ఆడపిల్లల చదువు. కూర్చుని మాట్లాడుకుంటే తేలిందేమంటే, ఎనిమిదేళ్లకు పెళ్లి చేస్తే బడి ఎక్కడిది? ఆ సభ బాల్యవివాహాల మీదికి మళ్లింది, 1929లో శారదా చట్టం వచ్చింది. అమ్మాయికి కనీసం పద్నాలుగేళ్లు అన్నారు. దాన్ని పద్దెనిమిది చేయడానికి 1978 దాకా ఆగాల్సి వచ్చింది. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే లెక్కలో కూడా ఆంధ్రప్రదేశ్‌లో 20–24 ఏళ్ల ఆడవాళ్లలో నూటికి 29 మందికి పైగా పద్దెనిమిది నిండకముందే పెళ్లయినవాళ్లు.

1974లో, దేశంలో ఆడవాళ్ల స్థితిగతులు చూడమని కేంద్రం వేసిన కమిటీ ‘సమానత్వం దిశగా’ నివేదిక ఇచ్చింది. జనాభాలో ప్రతి వెయ్యి మంది మగవాళ్లకు 1901లో 972 మంది ఆడవాళ్లుంటే 1971 నాటికి 930కి పడిపోయారని అందులో చూసి ఢిల్లీ ఉలిక్కిపడింది. విశ్వవిద్యాలయాల్లో స్త్రీ అధ్యయనాలు ఆ ఉలికిపాటులోంచి పుట్టాయి. 1983లో ఎన్టీఆర్ ప్రభుత్వం తిరుపతిలో శ్రీ పద్మావతి మహిళా విశ్వవిద్యాలయం పెట్టింది. మా ఊళ్ల నుంచి, ‘మగపిల్లలు లేరు కదా’ అన్న ఒక్క హామీతో ఇంట్లోవాళ్లు పంపిన అమ్మాయిలు ఎంతమందో. ఆ హామీ వెనక భయం ఉంది, నిజమే. అయినా ఆ గేటు దాటిన వాళ్ల జీవితాలు మారాయి. నేను చూశాను.

ఇదంతా బడికి పంపే కథ. బడికి వచ్చిన పిల్ల మనసులో ఏం జరుగుతోందో అడిగింది ఎవరు?

మనస్తత్వ శాస్త్రం చాలాకాలం అడగలేదు. నీతి, న్యాయం గురించి మనిషి ఆలోచన ఎలా ఎదుగుతుందో మెట్లు మెట్లుగా చెప్పిన లారెన్స్ కోల్‌బర్గ్ పరిశోధన మొదలైంది కేవలం మగపిల్లలతో. ఆ మెట్ల మీద నిలబెట్టి కొలిస్తే ఆడపిల్లలు కింద మెట్టులో ఆగిపోయినట్టు కనిపించారు. కోల్‌బర్గ్‌తో కలిసి పనిచేసిన కరోల్ గిలిగన్ 1982లో, ఆడపిల్లలు వేరే గొంతుతో మాట్లాడుతున్నారు, వినే పద్ధతే తప్పు అంది. ఆ తర్వాత లిన్ మైకెల్ బ్రౌన్‌తో కలిసి అమెరికాలో క్లీవ్‌లాండ్‌లోని ఒక బాలికల బడిలో దాదాపు వందమందిని ఐదేళ్ల పాటు, ఏటా కూర్చోబెట్టి మాట్లాడించింది. ఎనిమిదేళ్ల పిల్లలు కోపం వస్తే కోపమనే చెప్పారు. పన్నెండు పదమూడుకి వచ్చేసరికి అదే పిల్లల మాటల్లో ఒక మాట పెరుగుతూ పోయింది: ‘తెలీదు’. తెలియక కాదు, తెలిసింది చెబితే మనుషులు దూరమవుతారని.

ఆ మాటలన్నీ కలిపి వాళ్లిద్దరూ 1992లో తెచ్చిన పుస్తకం చదివినప్పుడు నాకు చిక్కుడుకాయలే గుర్తొచ్చాయి. అది డబ్బున్న ఇళ్ల పిల్లలు వెళ్లే బడి, వాళ్ల ముచ్చట్లు మనకు అతకవని అన్నవాళ్లున్నారు, అందులో నిజం లేకపోలేదు. వాళ్ల పిల్ల స్నేహితురాలు పోతుందని నోరు కట్టేసుకుంటుంది. మన పిల్ల నోరు కట్టేది ఇంకెక్కడో. దాన్ని మానవశాస్త్రవేత్త లీలా దూబే 1988లో రాసిన వ్యాసం పట్టుకుంది. పుట్టింట్లో ఆడపిల్ల వెళ్లిపోయే మనిషిగానే పెరుగుతుందని, తిండి, పని, కూర్చునే తీరు, పాటలు, దక్షిణాదిన పెద్దమనిషైనప్పుడు చేసే వేడుక, అన్నీ కలిసి ఆ సంగతి ఆమె ఒంటికి నేర్పుతాయని చెప్పింది. మనం అదే మాటను సామెతగా అనేస్తుంటాం: ఆడపిల్ల ఆడి పిల్లే గానీ ఈడి పిల్ల కాదు.

నా మేనకోడలు ఏడో తరగతిలో ఉండగా సమర్తాడింది. వాళ్ల మేనమామ కొబ్బరిమట్టలు తెచ్చి వాకిట్లో గుడిసె వేశాడు. వేరే పళ్లెం, వేరే చెంబు, పూటకో నువ్వుల ఉండ. అందరూ ముద్దు చేశారు, పట్టుపావడా కొన్నారు, ఫొటోలు తీశారు. పదకొండు రోజులు బడి లేదు. ఆ పదకొండు రోజుల్లో క్లాసులో సమీకరణాలు అయిపోయాయి. తర్వాత తనే వెనక్కి తిరగేసి నేర్చుకుంది. చింతచెట్టు మాత్రం మళ్లీ ఎక్కలేదు.

అయినా మార్కులు వస్తున్నాయి కదా అంటారు. వాలరీ వాకర్‌డైన్ ఇంగ్లండ్ బళ్లలో లెక్కల క్లాసులు చూసి 1989లో రాసింది ఇక్కడ బాగా పనికొస్తుంది. అమ్మాయిలకు మంచి మార్కులొస్తే టీచర్లు ‘కష్టపడుతుంది, చెప్పింది చెప్పినట్టు చేస్తుంది’ అన్నారు. సరిగా రాని అబ్బాయిని ‘బుర్ర ఉంది’ అన్నారు. పోయినేడు మా తమ్ముడి తరఫున పేరెంట్స్ మీటింగుకు నేను వెళ్లాను. కొడుకు గురించి: “మంచి బుర్రండీ, కుదురుగా కూర్చోడు గానీ.” కూతురి గురించి, ఆమె మార్కులు వాడికంటే చాలా ఎక్కువ: “పాపం, బాగా కష్టపడతాది.” ఆ ‘పాపం’ నా చెవుల్లో ఇంకా ఉంది. ఆ టీచరమ్మ కూడా ఆడమనిషే, మంచిమనిషి.

మా తిరుపతి మీదా పరిశోధన జరిగింది. అమెరికా పండితురాలు జాయిస్ ఫ్లూకిగర్ తాతయ్యగుంట గంగమ్మ జాతర మీద ఏళ్ల తరబడి పనిచేసి 2013లో పుస్తకం తెచ్చింది. ఊళ్లో ఆడపిల్లల్ని చెరిచే పాలెగాణ్ని అవిలాలలో పెరిగిన గంగమ్మ రోజుకో వేషంలో వెతికి, దొర వేషంలో చంపిన కథ మనందరికీ తెలిసిందే. ఆ వారం మగవాళ్లు మీసం తీసి చీర కడతారు. ఊరంతా ఆడరూపు పడుతుంది. ఆ గుంపులో అమ్మ కొంగు పట్టుకుని చూస్తున్న పన్నెండేళ్ల పిల్ల ఏమనుకుంటోందో నాకు తెలుసుకోవాలనుంది.

గిలిగన్, బ్రౌన్ ఒక పద్ధతి పెట్టుకున్నారు. ఒకే సంభాషణను నాలుగుసార్లు చదువుతారు, అందులో ఒకసారి ‘నేను’ అన్న మాట ఎక్కడెక్కడ వస్తుందో వెతకడానికే. తెలుగులో ‘నేను’ అనక్కర్లేదు, క్రియే చెబుతుంది: ‘పోతా’, ‘చేస్తా’. మా పిల్ల మాటల్లో అదీ లేదు. ‘ఇంట్లో ఒప్పుకోరు’, ‘నాయన చెప్తాడు’, ‘చూస్తారు’. అన్ని వాక్యాల్లోనూ వేరేవాళ్లే కర్తలు. అందుకే ఏం చదువుతావని అడగడం మానేశాను. ఊరికే ఫోన్ చేస్తున్నాను.

మొన్న రాత్రి పదింటికి తనే ఫోన్ చేసింది. వాళ్ల ఆవు ఈనిందట. “కాలు అడ్డం పడింది అత్తా. నాయన బయటికి పోయినాడు. డాక్టరుకు నేనే ఫోన్ చేసినా. ఆయన వచ్చేదాకా నేనే సెల్ లైటు పట్టుకుని పక్కనే నిలబడినా. తర్వాత ఆయన చెప్తా ఉంటే నేనూ లాగినా. పెయ్యదూడ. పేరు కూడా పెట్టేసినా, ఎవుర్నీ అడగలా.”