నిలురాళ్ల సీమ పటంలో ఏడు గుంటల గుర్తు: తూర్పు ఎక్కడ తప్పింది

నిలురాళ్ల సీమకు ఇప్పుడు రెండు పటాలు తిరుగుతున్నాయి. పాతదాంట్లో పెద్దేరు తూర్పుకు పారుతుంది, కొత్తదాంట్లో పడమరకు. ఉత్తరం మాత్రం రెండింట్లోనూ ఒక్కటే. ఈ కల్పిత సీమలో కథలు రాసేవాళ్లు, ఆటలు ఆడించేవాళ్లు ఏ పటం పట్టుకోవాలని అడుగుతున్నారు. తేడా అంతా పటం మూలన ఉన్న మంత్రచిహ్నం దగ్గర వచ్చింది. ఆ సీమలో పటం గీసేవాడు ముందు జాజుతో, అంటే ఎర్రమట్టి రంగుతో, ఏడు గుంటలు పెడతాడు. అవి సరిగ్గా కుదిరితే గుట్టలు, వాగులు, చెరువులు వాటంతటవే కాగితం మీద తేలతాయి. గుంటలు తిరగబడితే సీమంతా తిరగబడుతుంది.

ఈ గుర్తుకు మూలం మన దగ్గరే ఉంది. ఉమ్మడి మహబూబ్‌నగర్‌లో, ఇప్పటి నారాయణపేట జిల్లా ముడుమాల్ దగ్గర, కృష్ణ ఒడ్డున పది పన్నెండడుగులు దాటిన నిలువురాళ్లు ఉన్నాయి. ఊరివాళ్లు నిలురాళ్ల తిమ్మప్ప అని మొక్కుతారు. సుమారు 3,500 ఏళ్ల కిందటివని పరిశోధకుల అంచనా. 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాకు ఎక్కాయి. అక్కడ ఒక బండ మీద తొలిచిన చిన్న చిన్న గుంటల్లో సప్తర్షి మండలం ఉందని పురావస్తు పరిశోధకులు చెబుతారు. సీమ పటానికి బాణం గుర్తు లేకపోవడానికి కారణం ఇదే: ఏడు గుంటలుంటే ఉత్తరం దొరికినట్టే.

కొలతలు ఇవి. ఒక్కో గుంట సప్తర్షుల్లో ఒకరి పేరున్న చుక్క. క్రతువు, పులహుడు ముందు రెండు గుంటలు. వాటి మధ్య 1 సెం.మీ. పెట్టండి. పులహుడి నుంచి పులస్త్యుడికి 1.5, అక్కడి నుంచి అత్రికి 0.8, అత్రి నుంచి క్రతువుకు 1.9. నలుగురితో మంచం కుదిరింది. ఇక తోక: అత్రి నుంచి అంగిరసుడికి 1, అక్కడి నుంచి వసిష్ఠుడికి 0.8, అక్కడి నుంచి మరీచికి 1.2. పులహుడి నుంచి క్రతువు మీదుగా గీత సాగదీసి, క్రతువు దాటి 5 సెం.మీ. పైచిలుకు పోతే ధ్రువం. అత్రి గుంట చిన్నదిగా ఉండాలి, ఏడింటిలో మసక చుక్క అదే. వసిష్ఠుడి పక్కన అరుంధతిని కొలత ప్రకారం పెడితే అర మిల్లీమీటరు కూడా ఎడం రాదు, జాజు పారి రెండూ ఒక్కటైపోతాయి. కొంచెం అబద్ధమాడి దూరంగా పెట్టడమే మేలు.

అసలు చిక్కు తోకది. ఆకాశంలో చూసింది చూసినట్టు గీసి, ధ్రువం పైకి వచ్చేలా కాగితం తిప్పితే తోక ఎడమకు వస్తుంది. ఆ కాగితాన్ని గీసినవైపు కిందికి ఉండేలా తలమీద పట్టుకుంటే చుక్కలతో సరిపోతుంది. దాన్నే నేలమీద పరిచారో, తూర్పు పడమరలు తారుమారు. నేల పటంలో తోక కుడికే ఉండాలి. పాత పటంలో అలాగే ఉంది. కొత్త పటం గీసినవాళ్లు ఫోన్‌లో నక్షత్రాల యాప్ చూసి ఎత్తారు కాబట్టి ఎడమకు వచ్చింది. ఎటు తిప్పినా ఉత్తరం తప్పదు గనుక ఎవరికీ అనుమానం రాలేదు. లినోలియం అచ్చు చెక్కేవాళ్లు ఇంకోసారి బోల్తా పడతారు: అచ్చు మీద తోక ఎడమకు చెక్కితేనే కాగితం మీద కుడికి పడుతుంది.

సీమలో ఈ గుర్తు కొన్ని నెలలు పనిచేయదన్న నియమం ఒకటుంది, అది కూడా కిట్టించింది కాదు. మన దగ్గర ధ్రువుడు నేల నుంచి పదహారు పదిహేడు డిగ్రీల ఎత్తే ఉంటాడు, అందుకే సప్తర్షులు కుంగుతారు. ఎండాకాలం మాపటివేళ ఉత్తరాన బాగా కనబడతారు. ఆశ్వయుజ, కార్తీకాల్లో మాపున కనబడరు, తెల్లారగట్ల చూడాల్సిందే. దసరా రాత్రి పటం తీసి దారి వెతికే సన్నివేశం రాసినవాళ్లు దాన్ని వేకువకు జరుపుకోండి.

పాత బండల మీది గుర్తులు ఉత్తరాన్ని కూడా తప్పు చూపించొచ్చు. భూమి ఇరుసు బొంగరంలా 26,000 ఏళ్లకోసారి ఒక చుట్టు తిరుగుతుంది. వెయ్యేళ్లలో ధ్రువస్థానం ఐదు డిగ్రీలకు పైగా జరుగుతుంది. ముడుమాల్ రాళ్ల కాలంలో ఉత్తరాన నేటి ధ్రువ నక్షత్రం లేదు. తాతల నాటి పటానికి ఈ లెక్క అక్కర్లేదు. సీమలో ఆది బండ వెతికే కథకు మాత్రం కావాలి.

ఇకమీదట పాత పటమే ప్రమాణం. కొత్తదాంతో కథ నడిపినవాళ్లు పటాన్ని తలకిందులు చేయొద్దు, అలా చేస్తే ఉత్తరం కూడా పోతుంది. ట్రేసింగ్ కాగితం మీద ఎత్తుకుని, దాన్ని పుస్తకం పుట తిప్పినట్టు పక్కకు బోర్లించి, వెనకవైపు నుంచి గీసుకోండి. ఊళ్ల పేర్లు మాత్రం మళ్లీ రాయక తప్పదు.